రెండు నిమిషాల పిచిక

మధ్యాహ్నం ఆట. హాల్లో పట్టుమని ముప్పై మంది లేరు. తెర మీద హంతకుడు కత్తి ఎత్తాడు. ముందు వరసల్లో ఒకరిద్దరు మొహాలు పక్కకి తిప్పుకున్నారు. నెత్తురక్క మాత్రం కళ్ళజోడు సవరించుకుని కుర్చీలో ముందుకు జరిగింది. పక్క సీట్లో ఆమె మొగుడు కళ్ళు గట్టిగా మూసుకుని, రెండు చెవుల్లో వేళ్ళు దోపుకుని, పన్ను పీకించుకోవడానికి వచ్చినవాడిలా కూర్చున్నాడు.

కత్తి దిగింది. మోచేతి కింద తెగిన చెయ్యి బల్ల మీద పడి, ఒక దొర్లు దొర్లి, బోర్లా ఆగింది. నెత్తురు గోడ దాకా చిమ్మింది. హాలంతా ఒక్కసారి కెవ్వుమంది. నెత్తురక్క కళ్ళల్లో నీళ్ళు గిర్రున తిరిగాయి.

"అయిపోయిందా?" అన్నాడు మొగుడు ఒక చెవిలోంచి వేలు తీసి, కళ్ళు తెరవకుండానే.

"అయిపోయింది."

"తెగిందా?"

"తెగింది. అది మా చెల్లి చెయ్యేనయ్యా. నాకేం అనుమానం లేదు."

వెనక సీట్లో ఉన్నావిడ ఆ మాట విని, సంచీ తీసుకుని, నాలుగు సీట్లు అవతలికి వెళ్ళి కూర్చుంది.

ఆవిడని తప్పు పట్టడానికి లేదు. నెత్తురక్క పనేమిటో తెలియనివాళ్ళకి ఆమె మాటలు అలాగే వినపడతాయి. భయం సినిమాల్లో తెగే తలలూ, చిట్లే కళ్ళూ, బయటపడే పేగులూ, కాలిన చర్మమూ చేసిపెట్టడం ఆమె వృత్తి. ఇరవై ఐదేళ్ళుగా అదే పని, అందుకే ఆ పేరు. కంప్యూటర్లో గీసిన నెత్తురంటే ఆమెకి ఒళ్ళు మంట. నెత్తురన్నాక నేల తడవాలి, నటుడి కాలు జారాలి, చొక్కాకి అంటుకుని ఆరేసరికి నల్లబడాలి అంటుంది. చక్కెర పాకంలో ఎర్ర రంగు పోసి, అది టమాటా రసంలా కనపడకుండా కాస్త కాఫీ పొడీ ఒక్క చుక్క నీలమూ కలిపి, నలభై లీటర్ల డ్రమ్ముల్లో నిలవ పెడుతుంది. ఆ పాకం వల్ల రేకుల షెడ్డు నిండా ఎప్పుడూ చీమలే. సినిమాలు ఆడినా ఆడకపోయినా చీమలు మాత్రం ఆమెని ఏనాడూ వదల్లేదు.

మొగుడు పుస్తకాల బైండింగు పని చేస్తాడు. దబ్బనం గుచ్చుకుని వేలి మీద చుక్క కనపడితే చాలు, కళ్ళు తిరిగి పడిపోతాడు. అలాంటివాడు ఇలాంటి ఇంట్లో ఇరవై ఏళ్ళు కాపరం చేశాడంటే ప్రేమ గుడ్డిదని ఊరికే అనలేదు. ఈయన విషయంలో అది కళ్ళు మూసుకునే నెగ్గుకొచ్చింది.

ఇక చెల్లి. అందరూ పిచిక అంటారు, మనిషి అంత చిన్నది, పని అంత చురుకు. తల్లి పోయినప్పుడు పిచికకి తొమ్మిదేళ్ళు, అక్కకి పద్దెనిమిది. జడ వేసిందీ, బడికి పంపిందీ, జ్వరమొస్తే పక్కన కూర్చుందీ అక్కే. చదువయ్యాక షెడ్డుకి తీసుకొచ్చి పని నేర్పిందీ అక్కే. ఆరు నెలలు తిరక్కుండానే చర్మం పనిలో పిచిక అక్కని మించిపోయింది. సిలికాన్ చేతికి వెంట్రుకలు ఒక్కొక్కటే సూదితో గుచ్చాలి. ఒక్క ముంజేతికి రెండు రోజులు పడుతుంది. మామూలుగా మన ముంజేతి మీద వెంట్రుకలు చిటికెన వేలి వైపుకి వాలి ఉంటాయి, కావాలంటే చూసుకోండి. పిచికది ఎడమచేతి వాటం. ఎంత జాగ్రత్తగా మొదలుపెట్టినా, మణికట్టు దగ్గరికొచ్చేసరికి ఆమె గుచ్చిన వెంట్రుకలు బొటనవేలి వైపు తిరిగేవి.

"ఇట్లా ఏ మనిషికీ ఉండదే," అని అక్క తిట్టేది.

"పైన పాకం పోస్తావుగా అక్కా, ఎవడు చూడొచ్చాడు," అని పిచిక నవ్వేది.

ఎవడూ చూడలేదు. పిచిక వెళ్ళిపోయిన ఏడేళ్ళకి, ఈ సినిమాలో, అక్కే చూసింది. ఆ చెయ్యి తెర మీద ఉండేది రెండు సెకన్లు. ఆ రెండు సెకన్ల కోసం వారంలో మూడుసార్లు టికెట్టు కొంది. ఏడేళ్ళుగా ఊళ్ళో ఆడిన ప్రతి నెత్తుటి సినిమాకీ ఆమె ఇందుకే వెళుతోంది. జనం దడుచుకునే చోట ఆమె వెతుక్కుంటుంది. చెల్లి ఎక్కడుందో తెలియదు. ఫోను నంబరు మార్చేసింది. ఏడాదికోసారి బావకి మాత్రం ఒక మెసేజీ వస్తుంది: "బాగున్నా బావా. అక్కకి చెప్పకు." ఆయన వెంటనే చెప్పేస్తాడు. తిరిగి ఫోను చేస్తే ఆ నంబరు పలకదు. ఆ రోజంతా నెత్తురక్కకి ఏ పనీ చేతికి రాదు.

ఎందుకు వెళ్ళిపోయిందో నెత్తురక్కకి తెలుసు. అసలు కారణం ఆమెకి ఒక్కతికే తెలుసు.

తల అచ్చు తీయడమంటే ఇలా ఉంటుంది. మనిషిని ఎత్తు పీట మీద కూర్చోబెట్టి, పళ్ళ డాక్టర్లు వాడే గులాబీ రంగు ముద్దని తలంతా పూస్తారు. కళ్ళు, చెవులు, నోరు అన్నీ మూసుకుపోతాయి. ముక్కు రంధ్రాలు రెండే మిగులుతాయి. పైన ప్లాస్టర్ పట్టీలు చుడతారు. అది గట్టిపడేదాకా లోపల మనిషి చీకట్లో, నిశ్శబ్దంలో, రెండు రంధ్రాల గాలి మీద బతకాలి. అందుకని ఈ పనిలో ఒక నియమం ఉంది. ఒక మనిషి పక్కనే నిలబడి భుజం మీద చెయ్యి వేసి ఉంచాలి, ముక్కు దగ్గర ముద్ద జారకుండా చూడాలి. కొంప మునిగినా కదలకూడదు.

ఆ రోజు పిచిక తలే అచ్చు తీస్తున్నారు. సినిమాలో పగలాల్సిన తలకి ఆమె కొలతే సరిపోయింది. షెడ్డులో ఇద్దరే ఉన్నారు. దర్శకుడి ఫోనొచ్చింది. నెత్తురక్క చెల్లి భుజం తట్టి, "ఇప్పుడే వస్తా," అని గట్టిగా చెప్పి బయటికి వెళ్ళింది. లిఫ్టు తలుపులు తెరుచుకుని నెత్తురు పొంగే సీను గురించి మాట. రెండొందల లీటర్లా మూడొందలా, తలుపు సందుల్లోంచి ముందే కారితే ఎలా అని ఆయన అడుగుతుంటే, ఈమెకి ఉత్సాహం వచ్చింది. ఈ పని అంటే ఆమెకి అంత పిచ్చి. నవ్వుతూ, చేతులు తిప్పుతూ మాట్లాడింది.

తిరిగొచ్చేసరికి పీట పడిపోయి ఉంది. పిచిక నేల మీద గోళ్ళతో ప్లాస్టర్ని గీరుతోంది. ముద్ద జారి ఒక ముక్కు రంధ్రం మూసుకుపోయింది. నెత్తురక్క కత్తెరతో వెనక నుంచి కోసి, అచ్చు ఊడదీసింది. లోపలి నుంచి వచ్చిన మొహానికి కత్తివేటుకు నెత్తురు చుక్క లేదు. ఎంత రంగు కలిపినా నెత్తురక్క అలాంటి మొహాన్ని ఏ సినిమాలోనూ చేయలేకపోయింది.

"ఎంతసేపు పోయావక్కా?" అంది పిచిక, ఊపిరందాక.

"రెండు నిమిషాలే కదే," అంది నెత్తురక్క.

చేతిలో ఉన్న ఫోను అప్పటికింకా చూపిస్తూనే ఉంది: పన్నెండు నిమిషాల నలభై సెకన్లు. ఆమె దాన్ని చూసింది, చెరిపేసింది.

అబద్ధం చెప్పాలని చెప్పలేదు. నోట్లోంచి అదే వచ్చేసింది. వచ్చాక దాన్ని వెనక్కి తీసుకోవడానికి మొహం చెల్లలేదు. మర్నాడు పిచిక మళ్ళీ అడిగింది. అదే జవాబు. దర్శకుడు అడిగితే, "రెండు నిమిషాలు పక్కకెళ్ళా, కంగారు పడింది పిల్ల," అని నవ్వేసింది. అక్కడి నుంచి అది సెట్టంతా పాకింది. టీ ఆలస్యమైతే, "రెండు నిమిషాలాగు, పిచికలా ఎగరకు," అనుకునేవాళ్ళు. లైట్లవాళ్ళు, దుస్తులావిడ, హంతకుడి వేషాలేసే నటుడు, అందరి నోటా అదే. బావ కూడా ఒకటి రెండుసార్లు అన్నాడు. కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుందని నెత్తురక్క తేలు కుట్టిన దొంగలా ఊరుకుంది. కొన్నిసార్లు తనూ నవ్వింది. ఎనిమిది నెలలకి పిచిక తన సూదుల డబ్బా తీసుకుని వెళ్ళిపోయింది.

ఏడేళ్ళలో ఆ పన్నెండు నిమిషాల సంగతి ఆమె మొగుడికి కూడా చెప్పలేదు. చెల్లి కావాలి. చెల్లి దొరికితే నిజం చెప్పాలి. చెబితే తలుపు మొహం మీదే వేస్తుందేమో. చెప్పకపోతే దొరికినా దొరకనట్టే. సినిమా హాళ్ళలో చీకట్లో కూర్చుని ఆమె నెమరేసుకున్నది ఇదే.

మూడోసారి చూసొచ్చిన మర్నాడు పొద్దున్నే ఆ సినిమాకి పని చేసిన ముసుగుల మాస్టారి దగ్గరికి వెళ్ళింది. ఆయన రాక్షసుల మొహాలు చేయడంలో పేరున్నవాడు, ఒకప్పుడు తనకే పోటీ.

"ఆ చెయ్యి నీ దగ్గరికెట్లా వచ్చింది మాస్టారూ?"

"ఏ చెయ్యి? మనకి చేతులు ఒకటా రెండా."

"బల్ల మీద పడేది. మణికట్టు దగ్గర వెంట్రుకలు తప్పు."

ఆయన తల గోక్కున్నాడు. "ఓ, అదా. మీ చెల్లే ఇచ్చిందమ్మా. ఇప్పుడు కాదులే, ఈ పని మానేసేటప్పుడు. మొన్న సామాన్ల గది సర్దుతుంటే కనపడింది, వాడేశా. ఆమె ఇప్పుడు పెద్దాసుపత్రి వెనక సందులో చెవులు చేస్తోందట, నాకూ ఈమధ్యే తెలిసింది."

"చెవులా?"

"నిజం మనుషులకి. ప్రమాదాల్లో పోయినవాళ్ళకి. ముక్కులు, వేళ్ళు కూడా."

నెత్తురక్క అక్కడే ఒక రాక్షసుడి మొహం పక్కన కూలబడింది. తెర మీద ఉత్తరంలా చదువుకున్న చెయ్యి ఏడేళ్ళ కిందటి పాత చెయ్యి. చెల్లి పంపిన కబురు కాదు. తన కోసం గుచ్చిన వెంట్రుక ఒక్కటీ అందులో లేదు. మాస్టారు మంచినీళ్ళు తెచ్చి ఇచ్చాడు.

అటు నుంచి అటే మొగుణ్ణి వెంటబెట్టుకుని ఆ సందుకి వెళ్ళింది. మందుల దుకాణం పక్క నుంచి ఇరుకు మెట్లు. పైన గదిలో చెవులుంటాయని తెలిసి ఆయన కిందే ఆగిపోయాడు.

"నెత్తురుండదయ్యా అక్కడ," అంది నెత్తురక్క.

"చెవులుంటాయిగా. నువ్వు వెళ్ళు. నేను ఇక్కడ గాలి పీల్చుకుంటా."

గది తలుపు బార్లా తెరిచి ఉంది, మూసుకుపోకుండా ఇటుక అడ్డం పెట్టి ఉంది. కిటికీలు రెండూ తెరిచే ఉన్నాయి. పిచిక వెలుతురులో కూర్చుని, ఎవరికో కనుబొమ గుచ్చుతోంది. నుదుటి ముక్క సిలికాన్‌ది, లేత గోధుమ రంగుది. జుట్టులో అక్కడక్కడా తెల్ల వెంట్రుకలు వచ్చాయి. అవి ఎప్పుడు వచ్చాయో నెత్తురక్కకి తెలియదు.

పిచిక తలెత్తి చూసింది. లేవలేదు. "బావ ఏడి?"

"కింద ఉన్నాడు. చెవులంటే భయమట."

పిచిక నవ్వబోయి ఆపుకుంది. "కూర్చో అక్కా. ఆ స్టూలు కాదు, దాని కాలు ఊగుతుంది. ఇటు కూర్చో."

నెత్తురక్క కూర్చుంది. ఏడేళ్ళ మాటలు గొంతు దాకా వచ్చి, అక్కడ ఒకదాన్నొకటి తోసుకుంటున్నాయి. బయటికొచ్చింది మాత్రం పనికిమాలిన మాట.

"నీ చెయ్యి సినిమాలో చూశా. బాగా పడింది."

"ఏ సినిమా? నేను చూడను ఇప్పుడవి."

"షెడ్డు అట్లాగే ఉంది. నీ బల్ల కూడా. ఎవర్నీ కూర్చోనివ్వలేదు. వచ్చెయ్యవే. నువ్వు లేకపోతే చర్మం చర్మంలా ఉండట్లేదు."

"నాకిక్కడ పనుంది. ఈ కనుబొమ రేపటికి ఇవ్వాలి. ఒక డ్రైవరుది. అద్దం చూసుకోవడం మానేశాట్ట." సూది ఆడుతూనే ఉంది. "ఎందుకొచ్చావక్కా?"

"ఆ రోజు సంగతి. ఆ రెండు నిమిషాలు నేను..."

సూది ఆగింది. పిచిక అక్క మొహంలోకి చూడలేదు. చేతిలో కనుబొమ వైపే చూస్తోంది. ఏడేళ్ళు అరిగిన నాలుక మళ్ళీ ఆ పాత దారినే పట్టిందని నెత్తురక్కకి అప్పుడు అర్థమైంది. తన మీద తనకే అసహ్యం వేసింది.

"రెండు కాదు," అంది. "పన్నెండు. పన్నెండు నిమిషాల నలభై సెకన్లు. ఫోన్లో చూశా. చూసి చెరిపేశా. నువ్వు కంగారు పడలేదు. ఎవరైనా అంతే చేస్తారు. నేను ఫోన్లో నవ్వుతూ ఉన్నా. తిరిగొచ్చాక మొదట చూసింది కూడా అచ్చు పాడైందా అని. తర్వాత నిన్ను చూశా."

ఇంతా చెప్పాక చేతులు ఒళ్ళో దాచుకుంది.

"నాకు తెలుసు," అంది పిచిక.

"ఏం తెలుసు?"

"రెండు కాదని. ప్లాస్టర్ వేడెక్కింది అక్కా. చెంపలు కాలిపోయాయి. తర్వాత చల్లబడటం మొదలైంది. రెండు నిమిషాల్లో ప్లాస్టర్ చల్లబడదని నాకు నేర్పింది నువ్వేగా."

నెత్తురక్క చూపు చెల్లి చెంపల మీదికి పోయింది.

"పన్నెండని తెలీదు. పదో, పదిహేనో అనుకున్నా. నువ్వు చెప్తావని చూశా. ఇవాళ చెప్తుంది, రేపు చెప్తుంది అనుకుంటూ ఎనిమిది నెలలు చూశా. చీకట్లో ఉన్నప్పుడు కూడా నా అక్క వస్తుందనే అనుకున్నా, అందుకే అంతసేపు పీట మీద కూర్చున్నా. వచ్చావు. వచ్చి నన్నే పిరికిదాన్ని చేశావు. వాళ్ళంతా నవ్వితే నాకేమీ కాలేదు. నువ్వు నవ్వావు చూడు."

కింద సందులో ఎవరో బండి స్టార్టు చేసి వెళ్ళిపోయారు. నెత్తురక్క ఏడవలేదు. ఏడిస్తే చెల్లే లేచి ఓదారుస్తుందని తెలుసు. ఆ హక్కు తనకి లేదనుకుంది.

"బావకి చెప్పావా?" అంది పిచిక.

"లేదు."

"పిలువు."

నెత్తురక్క మెట్ల దగ్గరికెళ్ళి పిలిచింది. ఆయన కళ్ళ ముందు చెయ్యి అడ్డం పెట్టుకుని, గోడ పట్టుకుని వచ్చాడు. మరదల్ని చూడగానే చెయ్యి దానంతటదే దిగిపోయింది. చెవుల మధ్యే నిలబడ్డాడు. నెత్తురక్క ఆయనకి చెప్పింది, మొదటి నుంచి చివరి దాకా, నవ్విన సంగతి కూడా వదలకుండా. ఆయన పిచిక ఎదుట ఊగే స్టూలు మీదే కూర్చున్నాడు.

"నేనూ అన్నానమ్మా ఆ మాట," అన్నాడు. "రెండుసార్లు. గుర్తుంది నాకు. తప్పైపోయింది."

పిచిక తల ఊపింది. మళ్ళీ సూది అందుకుంది. నెత్తురక్క సంచీలోంచి ఫోను తీసింది. తనని ఎవరూ అడగలేదు. దర్శకుడి నంబరు నొక్కింది.

"నమస్కారమండీ, నేనే. పని గురించి కాదు. మా పిచిక సంగతి ఒకటి చెప్పాలి. రెండు నిమిషాలని అప్పుడు మీకు చెప్పా. అబద్ధం. పన్నెండు. నేనే వదిలేసి పోయా." అవతల ఆయన ఏదో తడబడి, ఏడేళ్ళ నాటి మాట ఇప్పుడెందుకన్నాడు. "ఇప్పుడే ఎందుకంటే ఇప్పుడే చెప్పగలిగా. ఎవరితోనైనా ఆ మాట అని ఉంటే, వాళ్ళకీ చెప్పండి."

తర్వాత లైట్ల మేస్త్రీ. తర్వాత దుస్తులావిడ. ఆవిడకి అసలు గుర్తే లేదు, అంతా మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. కెమెరా అతను ఎక్కడో షూటింగులో ఉండి, "తర్వాత చేయనా అక్కా," అన్నాడు. వద్దంది, ఇప్పుడే విను అంది. హంతకుడి వేషాలేసే నటుడు పాపం ఫోన్లోనే ఏడ్చాడు. సినిమాలో నలభై మందిని నరికినవాడు చెవిలో ఒక్క మాట పడితే తట్టుకోలేకపోయాడు. ఒక్కో ఫోనుకీ నెత్తురక్క గొంతు చిన్నదవుతోంది, కానీ ఎక్కడా మాట మింగలేదు. ఇరవై ఐదేళ్ళలో సంపాదించుకున్న పేరు ఒక్కో నంబరుతో కొంచెం కొంచెం కరుగుతుంటే ఆమెకి తెలుస్తూనే ఉంది.

పిచిక తలెత్తకుండా వెంట్రుకలు గుచ్చుతూ వింటోంది.

ఏడో నంబరు ముసుగుల మాస్టారిది. అవతల ఆయన ఎత్తి, గదంతా వినపడే గొంతుతో, "చెల్లి దొరికిందా అమ్మా?" అని అడగ్గానే, పిచిక చేతిలో సూది కింద పడింది. కనుబొమని జాగ్రత్తగా పక్కన పెట్టింది. తర్వాత మొహం రెండు చేతుల్లో దాచుకుని, తొమ్మిదేళ్ళ పిల్లలా వెక్కి వెక్కి ఏడ్చింది. బావ లేవబోయాడు. నెత్తురక్క ఫోను చెవి మీద నుంచి దించబోయింది.

"ఆపకు," అంది పిచిక ఏడుపులోనే. "ఆయనకీ చెప్పు."

నెత్తురక్క ఆయనకీ చెప్పింది.